పుట్టించే చేతికి పూచీ ఉండాలి

మాది బాపట్ల జిల్లా కర్లపాలెం. పశుసంవర్ధక శాఖలో చేరిన నాటి నుంచి పదవీ విరమణ దాకా యాజలి, పేరలి, బుద్దాం, గణపవరం ఊళ్లలో గేదెలకూ ఆవులకూ కృత్రిమ గర్భధారణ చేయడమే నా ప్రధాన ఉద్యోగం. రైతులు దాన్ని ‘సూది వేయించడం’ అంటారు. ఇప్పుడు మా వీధి పిల్లలు క్లోనింగ్ గురించి అడుగుతున్నారు. పెళ్లయి నాలుగైదేళ్లయినా పిల్లలు లేని జంటలు సాయంత్రం పూట వచ్చి, అటూ ఇటూ చూసి, “బాబాయ్ గారూ, ఐవీఎఫ్‌కి వెళ్లమంటారా?” అంటున్నారు. నేను మనుషుల డాక్టర్ని కాను. కానీ పుట్టుకను మనిషి తన చేతిలోకి తీసుకున్నప్పుడు ఏమేం జరుగుతుందో పశువుల పాకల్లో దగ్గరుండి చూసినవాణ్ణి. నాకు అర్థమైనవి వరుసగా చెబుతాను.

1. విత్తనం కంటే ముందు తల్లిని చూడండి

రైతు కళ్లన్నీ వీర్యం నింపిన స్ట్రా మీదే ఉంటాయి. “మంచి ముర్రా దున్నదేనా డాక్టరు గారూ?” అని అడుగుతాడు. ఆ స్ట్రా మైనస్ 196 డిగ్రీల ద్రవ నత్రజనిలో ఉంటుంది. పట్టకారుతో తీసి, 37 డిగ్రీల గోరువెచ్చని నీళ్లలో అరనిమిషం ఉంచి, తడి తుడిచి, కొన కత్తిరించి గన్నులోకి ఎక్కిస్తాం. ఎడం చెయ్యి పేగులోంచి పోనిచ్చి గర్భాశయ ముఖాన్ని పట్టుకుని, కుడి చేత్తో గన్ను నడిపి, ఆ పావు మిల్లీలీటరు వీర్యాన్ని నెమ్మదిగా వదలాలి. చేయి తిరిగినవాడికి అయిదు నిమిషాల పని.

అసలు పని అంతకు ముందే ఉంది. వేసవిలో గేదెకు మూగ ఎద వస్తుంది. అరవదు, అల్లరి చేయదు. తెల్లవారుజామున వెనక్కి వెళ్లి చూస్తే సన్నటి జిగురు తీగ కనిపిస్తుంది, అంతే. పొద్దున ఎద కనిపిస్తే సాయంత్రం, సాయంత్రం కనిపిస్తే మర్నాడు పొద్దున సూది వేయించాలి. డొక్కలు తేలిన గేదెకు ఎంత మేలైన విత్తనం వేసినా చూలు నిలవడం కష్టం. దానికి ముందు నట్టల మందు, పచ్చిమేత, ఖనిజ లవణాల మిశ్రమం కావాలి. మూడుసార్లు చూలు నిలవక తిరగపొర్లిన గేదెకు కావలసింది నాలుగో స్ట్రా కాదు, పరీక్ష.

ఆడపిల్లల విషయంలోనూ ఇదే చెబుతాను. ఒకసారి ఐవీఎఫ్ ఫలించకపోతే వెంటనే ఇంకోసారికి డబ్బు కట్టకండి. ఎందుకు ఫలించలేదో అడగండి. రక్తహీనత, థైరాయిడ్, షుగరు, బరువు, మనసులోని దిగులు, అన్నీ చూసిన తర్వాతే ముందుకెళ్లండి.

2. లోపం ఆడవాళ్లదేనని తీర్పు చెప్పకండి

మన రాష్ట్రంలో విశాఖపట్నంలోనూ, నంద్యాలలోనూ ఘనీకృత వీర్య కేంద్రాలున్నాయి. అక్కడ ఆబోతుకు రకరకాల జబ్బుల పరీక్షలు చేస్తారు. తీసిన వీర్యాన్ని ప్రతిసారీ మైక్రోస్కోపు కింద పెట్టి కణాల కదలిక చూస్తారు. గడ్డ కట్టించిన తర్వాత మళ్లీ చూస్తారు. కదలిక చాలకపోతే పారబోస్తారు. ఎంత పేరున్న దున్న అయినా మినహాయింపు లేదు.

దున్నకు ఇన్ని పరీక్షలు చేసే మనమే, ఇంట్లో కోడలికి నెల తప్పకపోతే ఆమె ఒక్కదాన్నే ఆస్పత్రుల చుట్టూ, గుళ్ల చుట్టూ తిప్పుతాం. కొడుకును పరీక్షకు పంపమంటే పెద్దలకు కోపం వస్తుంది. వీర్య పరీక్షకు కోత లేదు, నొప్పి లేదు, ఖర్చూ తక్కువే. పిల్లలు కలగకపోవడానికి కారణం మగవాడిలో ఉండటం చాలా మామూలు విషయం. మొదటి పరీక్ష అతనికే చేయించండి. ఆడపిల్ల ఒంట్లోకి అనవసరంగా వెళ్లే సూదులు ఎన్నో తప్పుతాయి.

3. చూలు కట్టించగలగడం వేరు, కట్టించవచ్చా అన్నది వేరు

2019 సెప్టెంబరు 5న గుంటూరులో డెబ్బై దాటిన ఒక తల్లి ఐవీఎఫ్ ద్వారా కవల ఆడపిల్లల్ని కన్నారు. ఆమెది అప్పటి తూర్పు గోదావరి జిల్లా. ఆ వార్త ప్రపంచమంతా పాకింది. స్త్రీకి వయసుతో ముందు తరిగేవి అండాలు. గర్భాశయం అంత త్వరగా వెనకబడదు. నెలసరి ఆగిపోయిన తర్వాత కూడా హార్మోన్లతో దాన్ని సిద్ధం చేసి, దాత ఇచ్చిన అండంతో తయారైన పిండాన్ని అందులో ఉంచవచ్చు. విద్య అంత దూరం వచ్చింది.

ఆ తల్లిని నేను ఒక్క మాట అనను. పిల్లలు లేరని దశాబ్దాల తరబడి లోకం చూసిన చూపులను భరించింది ఆమె. ఆ చూపులు చూసినవాళ్లం మనమే. కానీ చూలు కట్టించే పనిలో బతికినవాడిగా నా ప్రశ్న వేరు. ముసలి గేదెకు చూలు కట్టించవచ్చు. ఈనిన రాత్రి అది కాల్షియం పడిపోయి లేవలేకపోతే పక్కన ఎవరుంటారు? దూడకు పాలెవరు పడతారు? మనిషి బిడ్డకైతే ఆ ప్రశ్న ఇరవై ఏళ్ల పొడవుంటుంది. ఏడో తరగతి బిడ్డకు అమ్మానాన్న ఉండాలి కదా.

2021లో వచ్చిన సహాయక పునరుత్పత్తి చట్టం ఈ చికిత్సకు స్త్రీకి 50, పురుషుడికి 55 ఏళ్లు పైహద్దుగా పెట్టింది. కొందరికి అది కఠినంగా కనిపించవచ్చు. నాకు మాత్రం అది పుట్టబోయే బిడ్డ తరఫున ఎవరో ఒకరు మాట్లాడినట్టు అనిపించింది.

4. పశువుకు చెల్లిన ఎంపిక మనిషికి చెల్లదు

ఇప్పుడు పెయ్య దూడలే పుట్టే స్ట్రాలు వచ్చాయి. ఆడ దూడనిచ్చే వీర్యకణంలో డీఎన్ఏ కాస్త ఎక్కువ ఉంటుంది. ఆ తేడాను పట్టి యంత్రం కణాలను వేరుచేస్తుంది. పదింట తొమ్మిది పెయ్యలే పుడతాయి. రైతుకు ఇది మేలు. దున్నదూడ పుడితే పాలు తాగనివ్వక, మేత వేయక దాన్ని ఎండగట్టి చంపే ఇళ్లు నేను చూశాను. అలా చావడం కంటే పుట్టకపోవడం నయం.

ఈ మాట చెప్పినచోటే ఒకసారి ఒకాయన, “మరి మనుషులకు కూడా ఇలా మగపిల్లాడు పుట్టేది ఉందా డాక్టరు గారూ?” అన్నాడు. ఉన్నా చేయకూడదు. 1994 నాటి లింగ నిర్ధారణ నిషేధ చట్టం గర్భం వచ్చాక చూడటాన్నే కాదు, గర్భానికి ముందే ఎంచుకోవడాన్నీ నేరమంటుంది. గేదెను పాల కోసం పెంచుతాం. బిడ్డను ఏ పని కోసమూ కనం. ఆ తేడా చెరిగిన రోజున ఇంట్లో ఆడపిల్ల అక్కర్లేని దూడ అవుతుంది.

5. క్లోనింగ్‌తో పోయిన ప్రాణి తిరిగి రాదు

మన ముర్రా గేదె మీదే ఆ ప్రయోగం జరిగింది. హర్యానాలోని కర్నాల్‌లో ఉన్న జాతీయ పాడి పరిశోధన సంస్థ శాస్త్రవేత్తలు 2009 ఫిబ్రవరిలో సమ్‌రూప అనే దూడను క్లోనింగ్‌తో పుట్టించారు. ఊపిరితిత్తుల జబ్బుతో అది కొద్ది రోజులకే చనిపోయింది. ఆ జూన్‌లో పుట్టిన గరిమ రెండేళ్లు బతికింది. 2010 ఆగస్టులో పుట్టిన గరిమ-2 పెరిగి పెద్దదై, 2013 జనవరిలో మహిమ అనే పెయ్యను మామూలుగానే ఈనింది.

పద్ధతి చెబుతాను. ఒక అండంలోంచి కేంద్రకాన్ని తీసేస్తారు. మనకు కావలసిన గేదె శరీర కణాన్ని దానితో చేర్చి, విద్యుత్ స్పర్శతో రెండిటినీ ఒకటి చేస్తారు. అది పిండమై, ప్రయోగశాలలో వారం పెరిగాక ఇంకో గేదె గర్భంలో పెడతారు. కర్నాల్ వారు ఖరీదైన యంత్రం లేకుండా సన్నటి బ్లేడుతో చేత్తోనే కేంద్రకాన్ని తీసే పద్ధతి సాధించారు. అది గొప్ప నైపుణ్యం.

కానీ లెక్క పూర్తిగా వినాలి. 1996 జులై 5న స్కాట్లాండ్‌లో పుట్టిన డాలీ కోసం 277 అండాలతో మొదలుపెడితే 29 పిండాలు దక్కాయి, పుట్టింది ఒక్క గొర్రెపిల్ల. క్లోనింగ్ చూలులో గర్భస్రావాలు ఎక్కువ. దూడ మరీ పెద్దదై తల్లి ప్రాణం మీదకు రావడం, పుట్టగానే ఊపిరి అందకపోవడం ఉంటాయి. పుట్టింది కూడా అదే గేదె కాదు. జన్యువులు ఒకటే అయినా మోసిన గర్భం వేరు, తిన్న మేత వేరు, సాకిన చెయ్యి వేరు.

అందుకే మనిషిని క్లోనింగ్ చేయడానికి నేను ఎప్పటికీ ఒప్పుకోను. పోయిన కొడుకును మళ్లీ తెచ్చుకోవచ్చా అని ఒక తల్లి నన్ను అడిగింది. ‘రాడమ్మా’ అన్నాను. వచ్చేవాడు ఇంకొకడు. పోయినవాడిలా ఉండాలన్న బరువుతో పుడతాడు. మన దేశపు మూలకణ పరిశోధన మార్గదర్శకాలు మనుషుల క్లోనింగ్‌ను నిషేధించాయి. 2005లో ఐక్యరాజ్యసమితి కూడా నిషేధించమనే దేశాలను కోరింది.

6. అన్నీ ఒకటే అయితే ఒక్క తెగులు చాలు

క్లోనింగ్ అంటే కర్నాల్ దాకా వెళ్లక్కర్లేదు. మన జిల్లాల్లో వేసిన జామాయిల్ క్లోన్ తోటలు చూడండి. ఒక మేలైన చెట్టు కొమ్మల నుంచి తీసిన మొక్కలన్నీ ఒకే ఎత్తున, ఒకే లావున పెరిగాయి. రైతుకు రాబడి పెరిగింది. తర్వాత ఆకు ఈనెల మీద, లేత కొమ్మల మీద బొడిపెలు పుట్టించే చిన్న కందిరీగ వచ్చింది. దానికి లొంగే క్లోన్ వేసిన తోటలో ఒక్క చెట్టూ తప్పించుకోలేదు.

పశువుల్లో అమెరికా అనుభవం ఇంకా పెద్దది. 1962లో పుట్టిన చీఫ్ అనే హోల్‌స్టీన్ ఆబోతు విత్తనాన్ని దేశమంతా వాడారు. పాలు పెరిగాయి. కానీ దానిలో దాగిన ఒక జన్యులోపం మనవలు, మునిమనవల దాకా పాకి, అయిదు లక్షలకు పైగా గర్భస్రావాలకు కారణమైందని తర్వాత శాస్త్రవేత్తలు లెక్కగట్టారు. అందుకే స్ట్రా మీది ఆబోతు నంబరు రాసుకోండి. దానికి పుట్టిన పెయ్యకు మళ్లీ అదే ఆబోతు విత్తనం వేయించకండి.

7. జాతిని నిలిపేది రైతు అవసరం

2006లో హైదరాబాద్ సీసీఎంబీ శాస్త్రవేత్తలు కృత్రిమ గర్భధారణతో చుక్కల జింక పిల్లను పుట్టించి స్పాటీ అని పేరు పెట్టారు. అంతరించిపోయే జంతువులకు ఇది ఆశ. మన ఒంగోలు జాతికీ గుంటూరు దగ్గర లాం ఫారంలో పిండ మార్పిడి చేశారు. అయినా ఊళ్లో ఒంగోలు గిత్తలు తగ్గిపోయాయి. ట్రాక్టరు వచ్చాక వాటి అరక పని పోయింది. అదే జాతిని నెలోర్ పేరుతో పెంచుకున్న బ్రెజిల్‌లో వయాటినా-19 అనే ఆవు 2023లో నలభై లక్షల డాలర్లకు పైగా విలువ పలికింది. అక్కడ రైతుకు దానితో బతుకుంది. నత్రజని డబ్బాలో విత్తనం దాచగలం. పాకలో దానికి చోటిచ్చేది రైతే.

8. మోసినవాళ్లనూ ఇచ్చినవాళ్లనూ మరవద్దు

పిండ మార్పిడిలో మేలు జాతి ఆవుకు నాలుగు రోజులు హార్మోన్ సూదులేసి ఒకేసారి ఎక్కువ అండాలు పండిస్తారు. పిండాలను తీసి నాటు ఆవుల్లో పెడతారు. పుట్టిన దూడ ఫోటోలో దాత ఆవు ఉంటుంది, ఆబోతు నంబరు ఉంటుంది. తొమ్మిది నెలలు మోసిన నాటు ఆవు ఎక్కడా ఉండదు.

మనుషుల్లోనూ అండమిచ్చిన అమ్మాయి, గర్భం మోసిన సరోగసీ తల్లి ఇలాగే మరుగున పడతారు. ఎక్కువ అండాల కోసం ఇచ్చే మందులు వికటిస్తే అండాశయాలు ఉబ్బి, పొట్టలో నీరు చేరి, ప్రాణాపాయం కూడా రావచ్చు. అందుకే సహాయక పునరుత్పత్తి చట్టం అండదాతకు 23 నుంచి 35 ఏళ్ల వయసు, జీవితంలో ఒక్కసారే, ఏడు అండాలకు మించకుండా అని గీత గీసింది. సరోగసీ చట్టం డబ్బు కోసం గర్భం మోయించడాన్ని నిషేధించి, మోసే తల్లికి 36 నెలల బీమా తప్పనిసరి చేసింది. అప్పులున్న ఇంటి ఆడపిల్ల ఒంటిని ఇంకొకరి ఆనందానికి ముడిసరుకు చేయకూడదు.

9. కాగితం మీద లేనిదానికి ఒప్పుకోకండి

మా శాఖలో ప్రతి సూదికీ రిజిస్టరు ఉంది: తేదీ, గేదె చెవి పోగు నంబరు, ఆబోతు నంబరు, చూడి పరీక్ష, పుట్టిన దూడ. మనుషుల పుట్టుకకూ రాతలు అంతే ముఖ్యం. 1978 అక్టోబరు 3న కలకత్తాలో దేశంలోనే తొలి టెస్ట్‌ట్యూబ్ బిడ్డను పుట్టించిన డాక్టర్ సుభాష్ ముఖోపాధ్యాయను ప్రభుత్వ సంఘం నమ్మలేదు. ఆయన 1981లో ప్రాణం తీసుకున్నారు. ఆయన రాసి ఉంచిన కాగితాలే తర్వాత ఆయన నిజాన్ని నిలబెట్టాయి. 2025 జులైలో సికింద్రాబాద్‌లో సరోగసీ బిడ్డ అని చెప్పి ఇచ్చిన శిశువు డీఎన్ఏ ఆ దంపతులతో సరిపోలక పోలీసు కేసు అయింది. మొదటిది రాతల విలువ చెబుతుంది, రెండోది వాటిని అడగకపోతే ఏమవుతుందో చెబుతుంది.

ఈ చికిత్సకు వెళ్లే ప్రతి జంటా అడగవలసినవి ఇవి. ఆస్పత్రికి చట్టం కింద రిజిస్ట్రేషన్ ఉందా? ఇద్దరికీ పరీక్షలు పూర్తయ్యాయా? అండం, వీర్యం ఎవరివి? ఎన్ని పిండాలు పెడతారు, మిగిలినవి ఏం చేస్తారు? దాతకూ మోసే తల్లికీ బీమా చేయించారా? ఫలించకపోతే ఎక్కడ ఆపుతారు? ఇవి డాక్టరును అనుమానించే ప్రశ్నలు కావు. మంచి డాక్టరు వీటికి తనంతట తానే జవాబు చెబుతాడు. బిడ్డ కోసం తపించే మనసు ఏ కాగితం మీదైనా సంతకం పెట్టేస్తుంది, అది నాకు తెలుసు. అందుకే పెద్దలు ఎవరో ఒకరు ఆ జంట వెంట వెళ్లండి. వారి తరఫున మీరు అడగండి, రాతపూర్వకంగా తీసుకోండి. జవాబు రాసి ఇవ్వని చోట సంతకం పెట్టనివ్వకండి.