అగ్గిపుల్ల

పూర్వము పొయ్యిలో నిప్పు ఆరిపోయినచో ఇల్లాలు పిడక చేతబట్టుకొని పొరుగింటికి పోవలసి యుండెడిది. ఆ శ్రమను తొలగించినది అగ్గిపుల్ల.

ఇంగ్లండులోని స్టాక్‌టన్ పట్టణమున జాన్ వాకర్ అను మందుల వర్తకుడు ఉండెను. పొటాషియం క్లోరేటు, ఆంటిమొనీ సల్ఫైడు, జిగురు కలిపి పుల్ల చివర పట్టించి, గరుకు కాగితపు మడతలో పెట్టి లాగినచో మంట పుట్టునని ఆయన కనుగొనెను. 1827లో ఆ పుల్లలను అమ్మసాగెను.

కొలది యేండ్లకే ఇతరులు పుల్ల తలకు తెల్ల భాస్వరమును వాడ మొదలిడిరి. అట్టి పుల్ల గోడకు గీసినను, చెప్పు అడుగున గీసినను భగ్గున మండును. కొనువారికి సుఖమే, చేయువారి గతి వేరు. తెల్ల భాస్వరము ఘోరవిషము. దాని ఆవిరి పీల్చుచు, ఆ చేతులతోనే అన్నము తినుచు పనిచేయువారికి మొదట పంటిపోటు వచ్చెడిది. పిదప చిగుళ్లు వాచి, చీముపట్టి, దవడ యెముక కుళ్లిపోయెడిది. వైద్యులు దవడనే కోసి తీసివేయవలసి వచ్చెడిది.

దీనికి విరుగుడు లేకపోలేదు. విషము కాని ఎర్ర భాస్వరముతో అగ్గిపుల్లను వెలిగించు ఉపాయమును స్వీడను దేశీయుడగు గుస్తాఫ్ పాష్ 1844లోనే కనుగొనెను. లండనులోని బ్రయంట్ అండ్ మే సంస్థ 1855లో ఆ విధమైన పుల్లలకు బ్రిటనులో హక్కులను కొనెను. అయినను తెల్ల భాస్వరపు పుల్లలను మానలేదు. అవి చవుక గదా!

ఆ కర్మాగారములో మాటలాడినచో జరిమానా, కాళ్లు మురికిగా నున్నచో జరిమానా. 1888 జూనులో అనీబిసెంటు ఈ సంగతులను తన పత్రికలో ప్రకటించెను. తరువాత మన దేశమునకు వచ్చి, 1915లో మదనపల్లెలో కళాశాలను స్థాపించిన బిసెంటే ఈమె. ఆ వ్రాతలు అబద్ధమని సంతకము చేయుడని యజమానులు కోరగా పనివారు నిరాకరించిరి. జూలైలో సుమారు 1,400 మంది స్త్రీలు, బాలికలు పని మానిరి. నెల తిరుగకుండనే జరిమానాలు రద్దయ్యెను. భోజనమునకు వేరు గది యిచ్చుటకు యజమానులు ఒప్పుకొనిరి. ఆ గది చిన్న కోరికవలె కనబడును గాని, అన్నములో విషము పడకుండుటకు అదియే మార్గము.

తెల్ల భాస్వరము మాత్రము మరి కొన్నేండ్లు నిలిచెను. 1906లో బెర్న్ నగరమున కొన్ని దేశములు దానిని నిషేధింప నొడంబడెను. మన దేశమున 1913లో శాసనము వచ్చెను.

నేటి పుల్ల తలలో భాస్వరము లేదు. పెట్టె ప్రక్కనున్న గోధుమరంగు పట్టీలోనే ఎర్ర భాస్వరము, గాజుపొడి ఉండును. గీసినప్పుడు రాపిడి వేడికి అందులో లేశమాత్రము క్షణకాలము తెల్ల భాస్వరముగా మారి మండి, పుల్ల నంటించును.