రైలుబాట పాటగాడు జిమ్మీ రోడ్జర్స్

నాట్లు వేసే తల్లుల పాటలు వింటూ పెరిగినవాళ్లం మనం. పనిలో పుట్టిన పాట ఎంత దూరం పోగలదో తెలియాలంటే అమెరికా గాయకుడు జిమ్మీ రోడ్జర్స్ జీవితం చదవాలి. అక్కడి పల్లెజనం సంగీతమైన 'కంట్రీ'కి ఆయన్ని పితామహుడంటారు.

ఆయన 1897 సెప్టెంబర్ 8న పుట్టారు. మిసిసిపి రాష్ట్రంలోని మెరిడియన్ ఆయన ఊరు. చిన్నతనంలోనే తల్లి చనిపోయింది. తండ్రి రైలుపట్టాలు బాగుచేసే కూలీల మీద మేస్త్రీ. ఆ కూలీలకు మంచినీళ్లు మోసే పని జిమ్మీకి దొరికింది. వాళ్లలో చాలామంది నల్లజాతివారు. గడ్డపారలతో పట్టా జరపాలంటే అందరి బలం ఒక్కసారే పడాలి కదా! అందుకే ఒకరు పాట ఎత్తుకుంటే మిగతావారు అందుకునేవారు. జిమ్మీ పాటల్లో వినిపించే 'బ్లూస్' బాణీకి మూలం ఆ కూలీల పాటలే. ఆ గురువుల పేర్లు మాత్రం ఏ రికార్డు మీదా అచ్చు కాలేదు. ఇది చదివినప్పుడు మాకు చాలా బాధ కలిగింది.

తర్వాత ఆయన రైళ్లలో బ్రేక్‌మన్‌గా పనిచేశారు. 1924లో క్షయ సోకింది. ఒళ్లు సహకరించక రైలు పని మానుకుని పాటనే నమ్ముకున్నారు. 1927 ఆగస్టు 4న బ్రిస్టల్ పట్టణంలో విక్టర్ కంపెనీ తరఫున రాల్ఫ్ పీర్ ఆయన చేత రెండు పాటలు రికార్డు చేయించారు. అదే ఏడాది నవంబరులో పాడిన 'బ్లూ యోడెల్' దేశమంతా మోగింది. యోడెల్ అంటే గొంతును కింది స్వరం నుంచి చటుక్కున పైకి విరిచి పాడటం. కిశోర్ కుమార్ హిందీ పాటల్లో మనం విన్నదే.

1930లో 'బ్లూ యోడెల్ నంబర్ 9'కి ట్రంపెట్ ఊదింది నల్లజాతి విద్వాంసుడు లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్. రికార్డు లేబుల్ మీద ఆయన పేరు కూడా వేయలేదు!

తన జబ్బు మీదే 1931లో జిమ్మీ ఒక పాట రికార్డు చేశారు. 1933 మేలో న్యూయార్క్‌లో చివరి పాటలు పాడుతూ, పాటకూ పాటకూ మధ్య మంచం మీద వాలేవారు. 24న ఆఖరి రికార్డింగు, 26న మరణం. అప్పటికి వయసు 35. క్షయకు మందైన స్ట్రెప్టోమైసిన్‌ను కనుగొన్నది 1943లో. ఆయన దేహాన్ని మెరిడియన్‌కు రైల్లోనే తీసుకువెళ్లారు.

1961లో కంట్రీ సంగీత కీర్తిమందిరంలో మొదట చేర్చిన ముగ్గురిలో ఆయన ఒకరు. అంతకుముందే ఆయన గ్రామఫోన్ రికార్డులు ఆఫ్రికా చేరాయి. కెన్యాలో కిప్సిగిస్ తెగ అమ్మాయిలు ఆయన పేరును 'చెమిరోచా' అని పలుకుతూ సొంత పాట కట్టుకున్నారు. 1950లో హ్యూ ట్రేసీ దాన్ని రికార్డు చేశారు.