పెరట్లో పెళ్లి: ముందు లెక్క, తర్వాత పందిరి

పెళ్లి కుదిరిందంటే పంచాంగం తీస్తాం. రైతు దాంతోపాటు పంటల లెక్కా చూసుకోవాలి. మన ఏలూరు, తాడేపల్లిగూడెం వైపు దాళ్వా ధాన్యం ఏప్రిల్‌లో చేతికొస్తుంది. ఆ వెంటనే వచ్చే ముహూర్తానికైతే డబ్బూ ఉంటుంది, పెరడూ ఆరి ఉంటుంది. శ్రావణం నాటికి ఉన్నది కాస్తా నాట్లకు పోతుంది, పైగా వాన. కొల్లేటి లంకల సంగతి సరే సరి.

అప్పు తప్పదనుకుంటే వడ్డీని బస్తాల్లో లెక్కేయండి. నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీకి లక్ష తెస్తే ఏడాదికి 24 వేలు. 2025-26లో సాధారణ రకం ధాన్యం మద్దతు ధర క్వింటాలుకు 2,369 రూపాయలు. ఆ లెక్కన 75 కిలోల బస్తాలు 13 పైనే వడ్డీకి పోతాయి. అసలు అలాగే ఉంటుంది! కట్నం ఊసు ఈ లెక్కలో లేదు; 1961 చట్టం ప్రకారం ఇచ్చినా, పుచ్చుకున్నా నేరమే.

బియ్యానికి బెంగ వద్దు. బస్తా ధాన్యం ఆడిస్తే సుమారు 50 కిలోలు వస్తాయి. మనిషికి 125 గ్రాముల చొప్పున 300 మందికి 40 కిలోల లోపే. కొత్త బియ్యం ముద్దవుతుంది కాబట్టి సార్వా ధాన్యమే ఒక బస్తా పక్కన పెట్టండి. చేయి జారేది కూరల రకాలు, లైటింగు, వీడియోల దగ్గర. పిలుపుల జాబితా రాసి వంటమేస్త్రికి ఆ అంకే చెప్పండి. ‘ఎందుకైనా మంచిది’ అని వంద కలపొద్దు. ఉల్లిపాయలు గూడెం మార్కెట్లో బస్తాగా కొంటే కలిసొస్తుంది.

తాటాకు పందిరైతే గాడిపొయ్యిని దూరంగా, గాలివాటం చూసి తవ్వించండి. పక్కనే రెండు డ్రమ్ముల నీళ్లు ఉంచండి.