పదో తరగతి అమ్మలుకి

అమ్మలూ,

గ్రామర్ రూల్స్ అన్నీ వచ్చు, బిట్లలో మార్కులు పోవు, అయినా సొంతంగా ఒక పేరా రాయమంటే చెయ్యి కదలడం లేదని మీ నాన్నతో అన్నావట. ఆ మాట విన్నప్పటి నుంచీ నీకు ఉత్తరం రాయాలనే ఉంది. ఇన్నేళ్లు హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పినవాణ్ణి, నీ ఇబ్బంది నాకు కొత్త కాదు. ఈ వాక్యాన్ని ప్యాసివ్‌లోకి మార్చు, ఆ మాటను ఇన్‌డైరెక్ట్‌లోకి మార్చు అంటూ పిల్లల చేత మార్పిడులే చేయిస్తాం. అసలెందుకు మార్చాలో ఎవరూ అడగరు. నువ్వు అడుగు.

ప్యాసివ్ వాయిస్‌నే తీసుకో. "ప్రకాశం బ్యారేజీని 1957లో కట్టారు" అంటాం. ఎవరు కట్టారో చెప్పలేదు, అయినా వాక్యానికి లోటు లేదు. తెలుగులో క్రియ ఒక్కటే ఆ పని చూసుకుంటుంది. ఇంగ్లీషుకు ఆ వీలు లేదు, అక్కడ కర్త ఎవరో ఒకరు ముందు నిలబడాల్సిందే. కట్టినవాళ్ల ఊసు అక్కర్లేనప్పుడు బ్యారేజీనే ఆ చోటికి తెచ్చి, "ద బ్యారేజ్ వజ్ బిల్ట్ ఇన్ 1957" అంటారు. ప్యాసివ్ ఎక్కువగా పనికొచ్చేది ఇలాంటి చోటే. సైన్స్ రికార్డులో ప్రయోగం రాసేటప్పుడు నీకు అది కావాలి. మీ అమ్మమ్మ గురించి రాసేటప్పుడు అంతగా అక్కర్లేదు. చివర "బై" పెట్టి చేసినవాణ్ణి తగిలించే వాక్యాలు పరీక్ష పేపర్లో కనిపించినంతగా మంచి రచనలో కనిపించవు.

థర్డ్ కండిషనల్ అనే పేరు చూసి బెదిరిపోకు. "ముందే తెలిసుంటే వచ్చేదాన్ని" అని నువ్వు ఎన్నిసార్లు అనలేదు? తెలియలేదు, రాలేదు అని అందులోనే ఉంది. "ఇఫ్ ఐ హాడ్ నోన్, ఐ వుడ్ హావ్ కమ్" చేసే పనీ అదే. "తెలిసుంటే" దగ్గర హాడ్, "వచ్చేదాన్ని" దగ్గర వుడ్. ఇఫ్ పక్కన వుడ్ పెట్టే పొరపాటు ఈ జత గుర్తుంటే రాదు.

నాకు అన్నిటికన్నా ఇష్టమైన పాఠం రిలేటివ్ క్లాజులు. "గుంటూరులో ఉండే మా అన్నయ్య" అని మనం విశేషణాన్ని ముందు పెడతాం, ఇంగ్లీషు "మై బ్రదర్ హూ లివ్స్ ఇన్ గుంటూర్" అని వెనక పెడుతుంది. ఇంతవరకు నీకు తెలుసు. ఇప్పుడు "బ్రదర్" తర్వాత ఒక కామా, "గుంటూర్" తర్వాత ఒక కామా పెట్టి చూడు. కామాలు ఉంటే ఉన్నది ఒక్క అన్నయ్యే, గుంటూరు సంగతి అదనంగా చెబుతున్నావు. లేకపోతే అన్నయ్యలు ఇంకా ఉన్నారు, వాళ్లలో గుంటూరులో ఉన్నాయన అని వేరు చేస్తున్నావు. ఒక కుటుంబంలో అన్నదమ్ములు ఎందరన్నది రెండు కామాలు చెప్పేస్తాయి. తెలుగు వాక్యం ఆ తేడా చూపించదు, అందుకే మన పిల్లలు కామాలను పట్టించుకోరు. నువ్వు పట్టించుకో.

సిన్స్, ఫర్ గురించి ఒక్క మాట. మనం రెండు చోట్లా "నుంచి" అనేస్తాం. మొదలైన సమయం చెబితే సిన్స్, గడిచిన కాలం చెబితే ఫర్. ఇక ఏ, యాన్, ద అన్నవి రూల్స్ బట్టీపట్టి పూర్తిగా రావు. చదవగా చదవగా కుదురుకుంటాయి.

పుస్తకాలంటావా, మా తరం రెన్ అండ్ మార్టిన్‌తోనే పెరిగింది. సందేహం వచ్చినప్పుడు తెరవడానికి అది ఇంట్లో ఉండాల్సిందే. నీ అంతట నువ్వు సాధన చేసుకోవడానికి మాత్రం రేమండ్ మర్ఫీ 1985లో తెచ్చిన "ఇంగ్లిష్ గ్రామర్ ఇన్ యూజ్" మేలు. ఎడమ పేజీలో వివరణ, కుడి పేజీలో అభ్యాసం. రోజుకో పాఠం చాలు. అభ్యాసం అయ్యాక అదే పద్ధతిలో మీ ఇంటి గురించో, బడి గురించో రెండు వాక్యాలు నీవిగా రాయి. పేరా రాయడానికి చెయ్యి కదిలేది అక్కడే.

ఇంకొక పని చెబుతాను. మన రాజ్యాంగ పీఠికను ఇంగ్లీషులో తీసి ముందు పెట్టుకో. అదంతా ఒకే వాక్యం. కర్త మొదటి మాటలోనే ఉంది, అసలు క్రియ కోసం మాత్రం దాదాపు చివరిదాకా వెళ్లాలి. మధ్యలో సంకల్పం, ఆశయాలు, 1949 నవంబరు 26 అనే తేదీ. అంత దూరం ఆపినా వాక్యం ఎక్కడా తెగలేదు. కర్త ముందు, క్రియ చివర కాబట్టి మన తెలుగు చెవికి ఆ అమరిక దగ్గరగానే ఉంటుంది. 1976లో 42వ సవరణ దానిలో కొత్త మాటలు చేర్చింది. అవి జాబితాల్లో ఒదిగిపోయాయి, వ్యాకరణం చెక్కుచెదరలేదు. ఇంతటి వాక్యాన్ని విప్పగలిగితే నీ పాఠ్యపుస్తకంలో ఏ వాక్యమూ నిన్ను ఆపలేదు.

ఆదివారం తీరిగ్గా కూర్చుని, ఆ పీఠికలో కర్త కింద ఒక గీత, క్రియల కింద రెండు గీతలు గీసి, మధ్యలో ఏ ముక్క దేనికి అతుక్కుందో పక్కన తెలుగులోనే రాసి పంపు. అర్థంకాని చోట ప్రశ్న గుర్తు పెట్టు. దసరా సెలవులకు వచ్చినప్పుడు ముందు వాటి దగ్గరే కూర్చుందాం.

ఆశీస్సులతో,
మీ పెదనాన్న