ఉపాధ్యాయుల బదిలీలు - న్యాయస్థానముల పాత్ర

ప్రభుత్వ పాఠశాలలో పనిచేయు ఉపాధ్యాయునికి నియామకపు ఉత్తర్వు ఎంత ముఖ్యమో, బదిలీ ఉత్తర్వు కూడ అంత ముఖ్యము. మొదటిది జీవనాధారమును కల్పించగా, రెండవది ఆ జీవనము సాగవలసిన ఊరిని నిర్ణయించును. వృద్ధులైన తలిదండ్రులు, పిల్లల చదువులు, మరొక ఊరిలో పనిచేయు భార్య లేక భర్త - ఇవన్నియు ఒక్క కాగితముపై ఆధారపడి యుండును. అందువలననే పలువురు ఉపాధ్యాయులు కోర్టు నాశ్రయించుచున్నారు. వారికి న్యాయస్థానము ఏమి చేయగలదు, ఏమి చేయజాలదు అను విషయమును, రేపు ఈ వృత్తిని చేపట్టదలచిన విద్యార్థులు తెలిసికొనుట అవసరము.

బదిలీ శిక్ష కాదు; ఉద్యోగములో అంతర్భాగము. ఫలానా ఊరిలోనే పనిచేసెదనని కోరుటకు ఉద్యోగికి హక్కు లేదని సుప్రీం కోర్టు పలుమార్లు చెప్పినది. ఇందుకు బీహారు కేసు చక్కని ఉదాహరణము. కొందరు ప్రాథమిక పాఠశాల ఉపాధ్యాయినులను, వారి కోరికపై, భర్తలు పనిచేయుచున్న చోట్లకు ప్రభుత్వము బదిలీ చేసినది. ఆ స్థానములను కోల్పోయినవారు హైకోర్టుకు వెళ్ళగా, ఉత్తర్వులు రద్దయినవి. కాని సుప్రీం కోర్టు ఆ తీర్పును త్రోసిపుచ్చినది. 1991 నాటి న్యాయ నివేదికలలో ప్రచురితమైన ఈ తీర్పు ప్రకారము, తప్పనిసరియైన నిబంధనను ఉల్లంఘించినపుడు గాని, దురుద్దేశము ఋజువైనపుడు గాని తప్ప, బదిలీలలో కోర్టులు జోక్యము చేసికొనరాదు.

దురుద్దేశమును ఆరోపించుట తేలిక. ఋజువు చేయుట కష్టము. తమిళనాడు ప్రధాన కార్యదర్శిగా పనిచేసిన రాయప్పగారి కేసులో సుప్రీం కోర్టు, స్వేచ్ఛాచారము సమానత్వమునకు విరుద్ధమని ప్రకటించినది. అయినను తగిన ఋజువు లేనందున ఆయన పిటిషనును కొట్టివేసినది. దీనికి భిన్నముగా, 2009 నాటి నివేదికలలోని మరొక కేసులో, ఆకాశరామన్న ఫిర్యాదు నిజము కాదని తేలిన పిదప కూడ ఒక కేంద్ర ప్రభుత్వాధికారిని భోపాల్ నుండి షిల్లాంగ్‌కు పంపిన ఉత్తర్వు చెల్లదని తీర్పు వచ్చినది. శిక్షకు బదులుగా బదిలీని వాడరాదని దీని సారాంశము.

మన ప్రాంతమునకు వచ్చినచో, ఆంధ్రప్రదేశ్‌లో ఒకప్పుడు ఉద్యోగుల వివాదములను పరిపాలనా ట్రిబ్యునలు విచారించెడిది. నేడు రెండు తెలుగు రాష్ట్రములలోను అట్టి ట్రిబ్యునలు లేదు. రాజ్యాంగము 226వ అధికరణము క్రింద హైకోర్టులోనే రిట్ పిటిషను వేయవలెను. 2023 జనవరిలో తెలంగాణ ప్రభుత్వము ఉపాధ్యాయుల బదిలీ నిబంధనలను జారీచేసినది. దంపతులకును, సంఘ నాయకులకును అదనపు పాయింట్లు ఇచ్చుట సమానత్వమునకు విరుద్ధమని కొందరు సవాలు చేయగా, ఫిబ్రవరిలో హైకోర్టు స్టే ఇచ్చినది. ఆగష్టు చివర వెలువడిన మధ్యంతర ఉత్తర్వు దంపతుల పాయింట్లను అనుమతించి, సంఘ నాయకుల పాయింట్లను మాత్రము నిలిపివేసినది. భార్యాభర్తలు ఒకచోట నుండుట సమంజసమైన కారణము. సంఘములో పదవి యుండుట అట్టిది కాదు అన్నమాట. ఈలోగా ఆరు నెలలకు పైగా బదిలీలు ఆగిపోయినవి.

ఇక్కడ ఆలోచింపవలసిన దొకటి కలదు. ఈ వ్యాజ్యములలో ఒకవైపు ప్రభుత్వము, మరొకవైపు ఉపాధ్యాయుడు నిలుతురు. బడిలోని బాలుడు ఏ పక్షమునను ఉండడు. ఉర్దూ మాధ్యమ పాఠశాలలో ఉన్న ఒక్క గణిత ఉపాధ్యాయుడు వెళ్ళిపోయి, ఆ స్థానమునకు ఎవరును రానిచో, బదిలీ చట్టబద్ధమే కావచ్చును. కాని పాఠము ఆగిపోవును. కోర్టు ఉత్తర్వును పరిశీలించగలదు గాని, తరగతిని నడుపజాలదు. ఆ బాధ్యత ప్రభుత్వముపైనను, మన సమాజముపైనను ఉన్నది.

కనుక అన్యాయము జరిగినదని తలచిన ఉపాధ్యాయుడు ముందుగా ఉత్తర్వు ప్రతిని, నిబంధనలను చదువవలెను. పై అధికారికి వ్రాతపూర్వకముగా విన్నవించుకొనవలెను. విన్నపము చేసినంత మాత్రమున విధిలో చేరకుండుట తగదని 1989 లోనే సుప్రీం కోర్టు హెచ్చరించినది. నియమము తనవైపు ఉన్నపుడు కోర్టుకు వెళ్ళుటకు వెనుదీయ నవసరము లేదు. నియమము తెలియనివానికి హక్కు ఉన్నను లేనట్లే.