శాసనాన్ని చెరపని దానం: రేనాటి పల్లెలలో ఒకరోజు యాత్ర

దానం చేయడం గొప్పదా, పరులు చేసిన దానాన్ని కాపాడడం గొప్పదా? ఈ ప్రశ్నకు మన పూర్వులు సందేహానికి తావు లేకుండా సమాధానం చెప్పారు. దానం వలన స్వర్గం కలిగితే, ఒకరిచ్చిన దానాన్ని పాలించడం వలన అంతకు మించిన పదం లభిస్తుందని దానశాసనాల చివర రాతిమీద, రాగిరేకులమీద చెక్కించారు. ఆ దానాన్ని చెరిపినవాడు పంచమహాపాతకాలలో పడతాడని హెచ్చరిక కూడా జోడించారు. ఈ నెల మన పాఠానికి ఆ మాటే ఆధారం. దానిని గ్రంథంలో నుండి గాక, ఎర్రగుంట్ల చుట్టుపక్కల పల్లెలలో యాత్రికులతో కలిసి నడిచిన ఒక పగటి అనుభవం నుండి వివరించాలని నా ప్రయత్నం.

నేను విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుణ్ణి. హైదరాబాదు నుండి తిరుమలకు వెళ్ళే భక్తులలో కొందరు రాత్రి రైలెక్కి, తెల్లవారేసరికి ఎర్రగుంట్లలో దిగుతారు. పగలంతా పల్లెలలోని ప్రాచీనాలయాలను దర్శించి, రాత్రికి మళ్ళీ రైలెక్కి స్వామి సన్నిధికి సాగిపోతారు. వారికి దారి చూపి, చూచినదాని అర్థం చెప్పడం కొన్నేళ్ళుగా నేను చేసుకుంటున్న చిన్న సేవ.

ఇటువంటి ఒకరోజు యాత్రలు ఇతర దేశాలలోనూ ఉన్నాయి. ఇంగ్లండులో లండన్ మహానగరం నుండి కాట్స్‌వోల్డ్స్ అనే ప్రాంతపు పాత గ్రామాలకు ప్రతిదినం యాత్రికుల బస్సులు వెళతాయి. అక్కడి నార్త్‌లీచ్ అనే ఊరి ప్రార్థనామందిరంలో, మధ్యయుగంలో దానిని తమ ధనంతో నిలబెట్టిన ఉన్ని వర్తకుల ఇత్తడి ఫలకాలు నేటికీ ఉన్నాయి. కొందరు వర్తకుల పాదాల చెంత గొర్రెలను, ఉన్ని మూటలను కూడా చెక్కారు. దాత ఎవరో, అతని ధనం ఏ వృత్తి నుండి వచ్చిందో ఆ ఫలకమే చెబుతుంది. మన పల్లెలలో ఆ పని చేసేవి శిలాశాసనాలు. అయితే, యాత్రకు వచ్చినవారిలో వాటి ముందు నిలిచేవారు ఎందరు?

కలమళ్ళ: తెలుగు పలికిన రాయి

మా యాత్ర కలమళ్ళతో మొదలవుతుంది. ఎర్రగుంట్ల మండలంలోనిదే ఈ గ్రామం. థర్మల్ విద్యుత్కేంద్రపు పొగగొట్టాలు దూరం నుండే కనిపిస్తాయి. నల్లరేగడి చేల నడుమ, నాపరాళ్ళ ఇళ్ళ మధ్యగా వెళితే చెన్నకేశవ, సిద్ధేశ్వర స్వాముల ఆలయ ప్రాంగణం వస్తుంది. రేనాటి చోళరాజైన ఎరికల్ ముత్తురాజు ధనంజయుని శాసనం లభించినది ఇక్కడనే. దాని కాలం సుమారు క్రీ.శ. 575 అని పండితులు నిర్ణయించారు. పూర్తిగా తెలుగు భాషలో ఉన్న శాసనాలలో ఇప్పటివరకు లభించినవాటిలో ఇదే మొదటిదని ప్రసిద్ధి.

అంతకుముందు మన రాజులు తమ ఆజ్ఞలను ప్రాకృతంలోనో సంస్కృతంలోనో చెక్కించేవారు. ఈ కరవు సీమను ఏలిన రేనాటి చోళులు తమ ప్రజలు మాట్లాడే భాషను రాతికెక్కించారు. 1904లో శాసన పరిశోధకులు దీనిని నమోదు చేశారు. అటు తరువాత నీలకంఠశాస్త్రిగారు, ఎం. వేంకటరామయ్యగారు దీనిని పరిష్కరించి, ఎపిగ్రాఫియా ఇండికా 27వ సంపుటంలో ప్రకటించారు. 2008లో తెలుగుకు ప్రాచీన భాష హోదా లభించినప్పుడు, మన భాష ప్రాచీనతకు సాక్ష్యంగా నిలిచినవాటిలో ఈ శాసనం ఒకటి.

ఇక్కడ నేను యాత్రికులకు ఒక సంగతి ప్రత్యేకంగా చెబుతాను. ఈ శాసనంలో కొన్ని పంక్తులు శిథిలమైపోయాయి. రాజు పేరు మిగిలింది, రేనాడు అన్న దేశం పేరు మిగిలింది. చెప్పదలచిన విషయం మాత్రం సంపూర్ణంగా మనకు అందలేదు. పధ్నాలుగు వందల ఏళ్ళకు పైబడి మనకోసం నిలిచిన రాయి ఒక వాక్యాన్ని సగంలో ఆపివేస్తే, మిగిలిన సగాన్ని ఏ పండితుడూ పూరించలేడు.

చిలంకూరు: ఒక దాత ప్రశ్న

అక్కడ నుండి చిలంకూరుకు వెళతాము. ఇదీ ఎర్రగుంట్ల మండలమే. రేనాటి చోళుల శాసనాలలో కనిపించే చిఱుంబూరు ఈ ఊరేనని చరిత్రకారులు గుర్తించారు. ఇక్కడి అగస్త్యేశ్వరస్వామి ఆలయంలో దర్శనం చేసుకొని, మండపం నీడలో కూర్చున్న తరువాత, రేనాటి శాసనాలలోని కొన్ని మాటలను యాత్రికులకు పరిచయం చేస్తాను. బ్రాహ్మణులకు ఇచ్చిన భూమిని అవి ‘పన్నస’ అంటాయి. నేలను ‘మఱుతురు’ల లెక్కన కొలుస్తాయి. ఎవరిచ్చారు, ఎవరికిచ్చారు, ఎంత ఇచ్చారు, ఎవరు సాక్షి అన్నవి ఆ చిన్న శాసనాలలోని ముఖ్యాంశాలు. నేటి దానపత్రంలోనూ మనం వ్రాసుకొనేవి అవే.

మొన్నటి యాత్రలో ఒక పెద్దావిడ ఇదంతా శ్రద్ధగా విని ఇలా అడిగారు.

“అయ్యవారూ, మా అత్తగారి ఊళ్ళో ఇంతకంటే చిన్న గుడి ఉంది. నేల బండలు ఎగుడుదిగుడుగా ఉన్నాయి. మా నాన్నగారి పేరుమీద గ్రానైటు పరిపించి, గోడలకు మంచి రంగు వేయించాలని డబ్బు కూడా సిద్ధం చేసుకున్నాను. వచ్చే సోమవారం పని మొదలు. ఇది మంచి పనే కదా?”

“మంచి సంకల్పమే తల్లీ. ఆ బండలమీద, గోడలమీద రాతలేమైనా ఉన్నాయా?” అన్నాను.

“ఏమో, ఎప్పుడూ చూడలేదండీ. గోడలకు సున్నం మందంగా ఉంటుంది” అన్నారామె.

ఆమెకు జవాబుగా నేను నా తప్పునే చెప్పుకున్నాను. పాఠకులకు కూడా దానిని దాచకుండా చెప్పడం ధర్మమని భావిస్తున్నాను.

నేను చేసిన తప్పు

ఇరవై ఏళ్ళ కిందట మా ఊరి శివాలయ జీర్ణోద్ధరణకు చందాలు పోగుచేసినవారిలో నేనూ ఒకణ్ణి. ముఖమండప స్తంభాలకు తరతరాల దీపపు జిడ్డు, సున్నం పొరలు పట్టి ఉండేవి. ఇసుకను గాలి ఒత్తిడితో చిమ్మే యంత్రాన్ని తెప్పించి రెండు రోజులలో అన్నింటినీ శుభ్రం చేయించాము. స్తంభాలు నిన్న చెక్కినట్లు తెల్లగా మెరిశాయి. ఊరంతా మురిసిపోయింది. మూడవనాటి ఉదయం పూజారిగారు ఎడమవైపు రెండవ స్తంభం ముందు నిలబడి, “అయ్యవారూ, ఇక్కడి రాతలేవి?” అని అడిగారు.

చేతితో తడిమి చూశాను. రాయి నునుపుగా ఉంది. బాల్యంలో ఆ స్తంభానికి ఆనుకొని ఆడుకుంటూ, జిడ్డు కింద ‘దీప’ అన్న రెండక్షరాలను నేను కూడబలుక్కున్న జ్ఞాపకం. స్వామివారి దీపానికి ఎవరో ఇచ్చిన దానమని దానివలన ఊహించగలను. ఇచ్చినది ఎవరు? రాజా, రైతా, వర్తకుడా, దేవదాసియా? ఇచ్చినది గొర్రెలా, నేలా, నూనెగానుగ మీద వచ్చే ఆదాయమా? ఆ ఊరి పాత పేరేమి? వీటిలో ఒక్కదానికీ జవాబు లేదు. ఆ శాసనానికి నకలు ఎవరూ తీయలేదు, ఒక ఛాయాచిత్రం కూడా లేదు. తెలుగు చెప్పి జీతం తీసుకున్న నేను, దానిని చదివించాలన్న ఆలోచనే లేక యంత్రానికి అప్పగించాను.

గుడి ద్వారం పక్కన నల్లరాతి ఫలకంమీద కొత్త దాతల పేర్లున్నాయి. నాలుగవ వరుసలో బంగారు రంగు అక్షరాలతో నా పేరు ఉంది. వెనుకటి దాత పేరు చెరిపి నా పేరు వ్రాయించుకున్నానన్న తలంపు ఆ గుమ్మం దాటిన ప్రతిసారీ కలుగుతుంది. ఈ పల్లెలకు యాత్రికులను తీసుకువచ్చే సేవ మొదలుపెట్టడానికి కారణం అదే.

ఆ పెద్దావిడ కాసేపు మౌనంగా ఉన్నారు. తరువాత మండపం చివరకు వెళ్ళి, ఊళ్ళో ఉన్న మరిదిగారికి ఫోను చేసి, రాతలున్నాయో లేవో తెలిసినవారు చూచేదాకా ఒక్క బండ కూడా కదిలించవద్దని చెప్పారు. ఆనాటి యాత్రలో నేను విన్న మంత్రం అదే అనుకున్నాను.

గండికోట: దీపం లేని ఆలయాలు

మధ్యాహ్నం జమ్మలమడుగు మీదుగా గండికోటకు వెళతాము. జమ్మలమడుగు నుండి అది సుమారు 15 కి.మీ. ఎర్రమల కొండలను చీల్చుకొని పెన్న ప్రవహించే లోయను చూడడానికి ఇప్పుడు బెంగళూరు నుండి, హైదరాబాదు నుండి జనం విశేషంగా వస్తున్నారు. పెమ్మసాని నాయకులు ఏలిన ఈ కోట తరువాత గోలకొండ సేనాని మీర్ జుమ్లా వశమైంది. వజ్రాల వర్తకుడైన ఫ్రెంచి యాత్రికుడు తావెర్నియే 1652లో ఇక్కడికి వచ్చి, చూచిన విశేషాలను తన యాత్రాగ్రంథంలో వ్రాశాడు. కోటలో మాధవరాయ, రంగనాథ ఆలయాలు, జామియా మసీదు, పెద్ద ధాన్యాగారం ఉన్నాయి.

మాధవరాయస్వామి గోపురం కింద నిలిచినప్పుడు భక్తులకు ఒక వెలితి తోస్తుంది. శిల్పం ఉంది, నిత్యదీపం లేదు. కలమళ్ళ వంటి పల్లెలలో దీపం వెలుగుతూనే ఉంది. కోటలోని ఆలయాలను కాపాడవలసిన భారం పురావస్తుశాఖది. దీపం వెలిగే పల్లె గుడిని ప్రతిదినం కాపాడవలసినది దానికి వచ్చే భక్తులు, ఇచ్చే దాతలు. మన భక్తి వలన గుడి నిలుస్తుంది. మన తొందర వలన దాని చరిత్ర చెరిగిపోతుంది. ఈ రెండూ మన చేతిలోనే ఉన్నాయి.

దాతలకు, యాత్రికులకు విన్నపం

జీర్ణోద్ధరణ మానుకోమని నేను చెప్పడం లేదు. కురిసే కప్పును బాగుచేయాలి, కుంగిన గోడను నిలబెట్టాలి. అయితే, పని చేసే క్రమం ఒకటుంది.

మొదట, డబ్బు ఇచ్చే ముందు గుడిని ఒకసారి నిదానంగా చుట్టి రండి. అక్షరాలు ఎక్కువగా ఉండే చోట్లు అధిష్ఠానపు వరుసలు, ద్వారబంధాలు, స్తంభాల చదునైన ముఖాలు, నేల బండలు, ప్రాంగణంలో విడిగా నిలిపిన రాళ్ళు. ఉదయం, సాయంత్రం ఏటవాలుగా పడే ఎండలో చెక్కడపు గీతలు స్పష్టంగా కనిపిస్తాయి.

రెండవది, రాతలు కనిపిస్తే అన్ని వైపుల నుండి ఫొటోలు తీసి, రాష్ట్ర పురావస్తుశాఖకు గాని, మైసూరులోని భారత పురావస్తు సర్వేక్షణ వారి శాసన విభాగానికి గాని తెలియజేయండి. వారు రాతిని నీటితో, మెత్తని కుంచెతో శుభ్రం చేసి, తడి కాగితం పరచి, అక్షరాల లోతులలోకి దిగేలా కుంచెతో తట్టి, పైన సిరా అద్దుతారు. రాయి చెక్కుచెదరదు, అక్షరాలు కాగితంమీద తెల్లగా మిగులుతాయి. ఒకసారి నకలు తీస్తే, రాయి పగిలినా మాట బ్రతుకుతుంది.

మూడవది, శాసనం ఉన్న రాతికి ఇసుక యంత్రం, ఆమ్లం, ఇనుప బ్రష్షు తగలనివ్వకండి. ఆయిలు పెయింటు, సిమెంటు పూత వేయించకండి. నేలను ఎత్తు చేసేటప్పుడు అధిష్ఠానపు అక్షరాలు పూడిపోకుండా చూడండి. యాత్రికులు అక్షరాలమీద పసుపు, కుంకుమ, నూనె పూయకుండా, చేతులు జోడించి నమస్కరిస్తే చాలు. చదవడం కోసం సుద్దముక్కతో అక్షరాలు దిద్దడం కూడా మంచిది కాదు.

నాలుగవది, గుడి కేంద్ర రక్షిత కట్టడమైతే దానికి 100 మీటర్ల లోపు కొత్త నిర్మాణం నిషిద్ధం. ఆపైన మరి 200 మీటర్ల వరకు అనుమతి తప్పనిసరి. దేవాదాయశాఖ కింద ఉన్న గుడి అయితే ముందుగా ఆ శాఖ అనుమతి పొందాలి.

చివరగా, మీ పేరుతో ఫలకం పెట్టించుకోండి, తప్పులేదు. దాని పక్కనే ఆ గుడిలోని పాత శాసనం సారాంశాన్ని, నేటి తెలుగులో, మరో ఫలకంమీద చెక్కించండి. ఊరి పిల్లలు దానిని చదువుతారు. వెనుకటి దాత, నేటి దాత ఒకే గోడమీద పక్కపక్కన నిలుస్తారు.

సాయంత్రం గండికోట నుండి ఎర్రగుంట్లకు తిరిగి వచ్చి, రైలు కోసం ఎదురుచూస్తూ యాత్రికులతో పాఠాన్ని మరొకసారి నెమరువేసుకుంటాము. తిరుమలేశునికి గడపగా పేరుపొందిన కడప సీమ ఇది. స్వామి దర్శనానికి ముందు ఈ గడపలో ఒక పగలు నిలిచి, మనకంటే ముందు ఇచ్చినవారిని తలచుకోవడం యాత్రలో భాగమే. ఇచ్చే చేయి పవిత్రమైనది. ఇచ్చేముందు, అంతకుముందెవరిచ్చారో చదివే కన్ను కూడా ఆ చేతికి తోడైతే దానం సంపూర్ణమవుతుంది.

స్వస్తి.