దీపమును తెల్లగుడ్డయు



చలనచిత్రమును చూచునప్పుడు నటులను మెచ్చుకొందుము; పాటలను జ్ఞాపకముంచుకొందుము. కాని యా ముఖములను మనకు గనుపఱచిన వెలుగు నెవరు కూర్చిరని యడుగువారు మిక్కిలి యరుదు. అది ఛాయాగ్రాహకుని పని. ధనము చాలని చోట నా పని యెట్లు సాగునో సుబ్రత మిత్ర చరిత్రమువలన దెలిసికొందము.

మిత్ర 1930వ సంవత్సరమున జన్మించెను. ఫ్రెంచి దర్శకుడైన రెన్వార్ 'ది రివర్' అను చిత్రమును దీయుటకు బంగాళమునకు వచ్చినప్పుడు, ఈ యువకునకు అచట నిలిచి చూచుట మాత్రము లభించెను. ఆయన ఊరక చూడలేదు. దీపములెచట నుంచిరో, నటులెటు నడచిరో బొమ్మలు గీచి వ్రాసికొనెను. అదియే యాయన పాఠశాల.

1952లో సత్యజిత్ రాయ్ 'పథేర్ పాంచాలి' చిత్రమును ప్రారంభించి కెమెరాను మిత్ర కప్పగించెను. అప్పటికి మిత్ర వయస్సు ఇరువదిరెండేండ్లకు మించలేదు. చలనచిత్రపు కెమెరాను నడపి యెఱుగడు. ద్రవ్యము లేక పని పలుమాఱు నిలిచెను. రాయ్ భార్య నగలు సైతము కుదువకు బోయెను. తుదకు పశ్చిమ వంగ ప్రభుత్వము సాయము చేయగా 1955లో చిత్రము వెలువడెను.

మఱుసటి చిత్రము 'అపరాజితో' (1956). కాశిలోని యొక యింటి ముంగిలిని కలకత్తా స్టూడియోలో కట్టవలసివచ్చెను. మిత్ర మొదట నొప్పుకొనలేదు. ఏలయన, అట్టి ముంగిలిలోనికి వెలుగు ఆకాశమునుండి దిగును. దానికి గట్టి నీడ యుండదు. స్టూడియో దీపములో, ఒక్కొక్కటి యొక్కొక్క నల్లని నీడను బడవేయును. అందుచే నాయన కట్టడముపైన తెల్లగుడ్డను ఆకాశమువలె బఱపించి, దీపములను క్రిందనుండి దానిమీదికి ద్రిప్పెను. గుడ్డపై బడి మరలిన వెలుగు మృదువై నలుదెసల వ్యాపించెను. చూచినవారు అది నిజమైన కాశి యిల్లే యనుకొనిరి.

ఇందలి సూత్రమును మీరింట బరీక్షింపవచ్చును. చీకటిగదిలో దీపమున కెదురుగా పెన్సిలును బట్టుడు. గోడపై నీడ స్పష్టముగ బడును. పిమ్మట దీపమును మఱుగుపఱచి, దాని వెలుగును తెల్లని దుప్పటిపై బడనిండు. దుప్పటినుండి వచ్చు వెలుగులో నీడ యంచులు కరగును. వెలుగు వచ్చు తలము విశాలమగుకొలది నీడ మెత్తబడును.

మిత్ర 'చారులత' (1964), 'నాయక్' (1966) మున్నగు చిత్రములకు బనిచేసెను. 'నాయక్' పిమ్మట రాయ్‌తో గలసి పనిచేయలేదు. తొందరపాటు పని కియ్యకొనని యాయనకు పిదప చిత్రములు కొద్దిగనే లభించెను. అయినను 'న్యూఢిల్లీ టైమ్స్' చిత్రమునకు జాతీయ పురస్కారమును బొందెను. తుదిదినములలో కలకత్తా చలనచిత్ర విద్యాసంస్థలో పాఠములు చెప్పి, 2001లో మరణించెను.

మన ప్రయోగశాలలో పరికరములు లేవని మీలో బలువురు నాతో మొఱపెట్టుకొనుచుందురు. ఆ మొఱ నిజమే. లేమి మంచిదని నేను జెప్పను. కాని మిత్ర చేతికి మొదట వచ్చినది కెమెరా కాదు, వ్రాతపుస్తకము. అది మీయొద్దను గలదు.